దణ్ణం పెట్టే ఆకులు

పత్రవనం అందం చెప్పమంటే చెప్తాను గానీ, విని మురిసిపోకండి. నీలవాగుకు అవతలి ఒడ్డున ఉన్న ఆ వనంలో పూవు లేదు, కాయ లేదు, ఉన్నదంతా ఆకే. మామిడి చిగురులాంటి ఎర్రాకు, చిలక రెక్కలాంటి పచ్చాకు, పసుపు రాసినట్టుండే పండుటాకు, ముట్టుకుంటే పొడి అయ్యే ఎండుటాకు. మధ్యాహ్నపు ఎండ ఆ సందుల్లోంచి జారి నేలమీద పడితే మరకతాలు పరిచిన మండపంలో నిలబడ్డట్టుంటుంది. కవులైతే అక్కడే చతికిలబడి దండకం ఎత్తుకుంటారు. ఎత్తుకున్నవాళ్ళు ఉన్నారు కూడా. వాళ్ళింకా అక్కడే ఉన్నారు, కొమ్మలు పట్టుకుని.

ఎందుకంటే ఆ ఆకుల్లో సగం ఆకులు కావు, గొల్లభామలు. ముందుకాళ్ళు రెండూ జోడించి దణ్ణం పెడుతున్నట్టు కూర్చునే పురుగును మీరూ చూసే ఉంటారు. ఇవి ఆ జాతివే గానీ, వేషం కట్టడంలో వాటికి తాతలు. రెక్క మీద ఆకు ఈనెలు ఉంటాయి, నడిమి ఈనె లావుగా, పక్క ఈనెలు సన్నగా. రెక్క అంచు గొంగళిపురుగు కొరికినట్టు చిరిగి ఉంటుంది. ఆకుకు పట్టే తుప్పు మచ్చను కూడా వదల్లేదు. గాలి వస్తే పక్కనున్న అసలాకుతో పాటు ఊగుతాయి. గాలి ఆగితే టక్కున ఆగవు సుమండీ, ఇంకాస్త ఊగి మెల్లగా ఆగుతాయి. అంత దొంగతెలివి! ఆకేలే అనుకుని ఏ ఈగో వచ్చి వాలిందా, ఆ జోడించిన చేతులు రెప్పపాటులో విచ్చుకుని మూసుకుంటాయి. ఇక ఈగ ఉండదు. దణ్ణాలు పెట్టేవాళ్ళందరూ భక్తులు కారని పెద్దవాళ్ళు ఊరికే అన్నారా?

శ్యామలగిరి యువరాజు అమరకీర్తి ఈ వనంలో చిక్కుకుపోయింది తన మంచి మర్యాద వల్లే. శ్యామలగిరి వాళ్ళకు మర్యాద కాస్త జాస్తి. దారినపోయే దానయ్య దణ్ణం పెట్టినా తిరిగి పెట్టకపోతే వాళ్ళకు అన్నం సయించదు. వనానికి యజమాని అయిన పర్ణకేతుడనే మాంత్రికుడికి ఆ సంగతి బాగా తెలుసు. వనంలో అడుగుపెట్టి చేతులు జోడించినవాడు జోడించినట్టే గొల్లభామ అయిపోయేలా మంత్రం కట్టి, తాను ముసలి ముని వేషంలో ఎదురొచ్చి "నమస్కారం నాయనా" అన్నాడు. అమరకీర్తి గుర్రం దిగి మరీ చేతులు జోడించాడు. ఆ గుర్రం ఒంటరిగా ఇంటికి వచ్చింది.

అలా మారినవాడు బతికున్న పురుగునొకదాన్ని పట్టి తిన్నాడంటే, తాను మనిషినన్న సంగతి మరిచిపోతాడు. మరిచిన వాణ్ణి పర్ణకేతుడు తన సైన్యంలో కలుపుకుంటాడు. యువరాజు మంచుబొట్లు నాకి ప్రాణం నిలుపుకుంటున్నాడో, ఆకలికి ఆగలేక ఏ ఈగనో మింగేశాడో ఎవరికీ తెలియదు. అది తేల్చుకుని అన్నను ఇంటికి తెచ్చుకోవడానికే అతని చెల్లెలు రాజకుమారి కువలయ, తనను పెంచిన దాది నాంచారమ్మను వెంటబెట్టుకుని, ఆ రోజు నీలవాగు ఇవతలి ఒడ్డున నిలబడి ఉంది.

"అమ్మడూ, ఆ పట్టుచీరతో పోయావంటే పర్ణకేతుడు హారతిచ్చి మరీ లోపలికి పిలుస్తాడు. ఇదిగో, నా చీర కట్టుకో" అంది నాంచారమ్మ.

కువలయ కట్టుకుని ముక్కు చిట్లించింది. "దాదమ్మా, దీన్నిండా నీ పొడుం వాసనే!"

"వాసన కాక ఏముంటుంది తల్లీ, నా కొంగున వజ్రాలు రాలతాయా? ముని చెప్పింది గుర్తుందా? ఒకసారి అను, వింటాను."

దారిలో కొండగుహలో కనిపించిన ముని చెప్పింది కువలయ అప్పటికి ఎన్నిసార్లు వల్లించిందో! అయినా మళ్ళీ చెప్పింది. "వనంలో రెండు చేతులూ కలపకూడదు. అన్నయ్యను ఒంటి అరచేతి మీద నిలబెట్టుకుని వాగు దాటించాలి. వాగు దాటితే మనిషవుతాడు."

"ఆ పిట్ట సంగతో?"

"పర్ణకేతుడి ఏట్రింత. చెట్ల మీద కాపలా కాస్తుంది. ఏ గొల్లభామైనా మనిషి పోకడ పోయిందా, ముక్కున కరుచుకుని కోటకు తీసుకుపోతుంది. అక్కడ ఇనప పంజరంలో వేసి, ఈగల్ని వదులుతారు. తినేదాకా వదులుతూనే ఉంటారు."

"చాల్లే, చాల్లే, ఇక చెప్పకు" అని నాంచారమ్మ కళ్ళొత్తుకుంది. అడిగిందీ తనే, వద్దన్నదీ తనే. ఆవిడ ధోరణి అంత.

ఇద్దరూ కలిసి అడ్డాకు రెమ్మలు కోసి పెద్ద మోపు కట్టారు. పుట్టిలో వాగు దాటాక కువలయ ఆ మోపు నెత్తిన పెట్టుకుని, రెండు చేతులతో రెండు వైపులా పట్టుకుని నడిచింది. పైనుంచి చూస్తే ఒక పొద నడిచి వెళ్తున్నట్టుంది. నాంచారమ్మ పుట్టిని ఒడ్డునే పట్టుకుని, మొక్కని దేవుడు లేకుండా మొక్కుతూ కూర్చుంది.

వనం మొదట్లోనే ఎదురయ్యాడు పర్ణకేతుడు, అదే ముసలి ముని వేషంలో. తెల్లని గడ్డం, మెడలో రుద్రాక్షలు, ముఖాన ఎంతో ప్రసన్నమైన నవ్వు. కువలయను చూడగానే చేతులు జోడించాడు.

"నమస్కారం తల్లీ!"

కువలయ చేతులు ఉలిక్కిపడ్డాయి. పుట్టి బుద్ధెరిగిన నాటి నుంచీ దణ్ణానికి దణ్ణం పెట్టిన చేతులు కదా, వాటంతటవే దిగబోయాయి. మోపును గట్టిగా పట్టుకుంది.

"మోపుంది సామీ. చేతులు ఖాళీ లేవు. నోటితోనే మొక్కుతున్నా."

"దానికేం భాగ్యం! దించు. మళ్ళీ నేనెత్తిపెడతానుగా."

"అమ్మో! మీలాంటి పెద్దలచేత మోపెత్తించుకుంటే నాకు పుట్టగతులుంటాయా సామీ? మా అత్త సంగతి మీకు తెలీదు. పొద్దుగూకేలోపు ఆకు ఇంటికి చేరకపోతే నన్నే విస్తరి కుట్టేస్తుంది."

ముని ఆమె పాదాల వైపు చూశాడు. రాళ్ళలో ముళ్ళలో నడిచి నడిచి అవి ఏ ఆకులేరుకునే పిల్ల పాదాలకూ తీసిపోకుండా పగిలి ఉన్నాయి. ఆయన నవ్వు కాస్త తగ్గింది గానీ పోలేదు. "పోయి రా తల్లీ" అని పక్కకు తప్పుకున్నాడు. కువలయ వెనక్కి తిరిగి చూడలేదు. ఆయన నిలబడ్డ చోటు కనుమరుగయ్యాకే ఊపిరి వదిలింది.

లోపల అంతా నిశ్శబ్దం, చల్లదనం. భయం లేకపోతే పగలంతా పడుకుని నిద్రపోవచ్చనిపించే చోటు. పై కొమ్మన తోక కత్తెరలా చీలిన నల్లని ఏట్రింత, గద్దంత పిట్ట, మెడ అటూ ఇటూ తిప్పుతూ కూర్చుంది. కువలయ మోపు నీడలోంచి ఒక్కొక్క ఆకునే చూస్తూ నడిచింది. ఏది ఆకో ఏది కాదో మొదట తెలియలేదు. కాసేపటికి ఒక కిటుకు దొరికింది. గొల్లభామ కంట్లో చిన్న నల్లచుక్క ఉంటుంది. మనం ఎటు నిలబడితే అటే చూస్తున్నట్టుంటుంది ఆ చుక్క. ఎడమకు జరిగితే ఎడమకు, కుడికి జరిగితే కుడికి. అది తెలిశాక ఆమెకు ఇంకా కష్టమైంది, కొమ్మకొమ్మన వందల కళ్ళు తన్నే చూస్తున్నాయి. ఇందులో అన్నయ్య కళ్ళేవి?

"అన్నయ్యా" అని పిలిచింది, పెదవి దాటని గొంతుతో. ఏ ఆకూ కదల్లేదు.

"అన్నయ్యా, నేను కువలయని."

గాలి వీచింది. అన్నీ ఊగాయి. గాలి ఆగింది. అన్నీ మెల్లగా ఆగాయి. ఒక పచ్చ గొల్లభామ మాత్రం కమ్మగా ఒక తుమ్మెదను నములుతోంది. ఇదే అన్నయ్య అయితే ఎలాగా అనుకుంది. చూపు తిప్పేసుకుంది.

అన్నయ్య వింటూ ఉన్నా కదలడని ఆమెకు అర్థమైంది. పైన పిట్ట ఉంది. పురుగులు ఆకుల మధ్య దాక్కుంటే, మనుషులు ఆ పురుగుల మధ్య దాక్కున్నారు. మనిషినని చూపించుకున్నవాడికి పంజరమే గతి. మరి అంత జాగ్రత్తగా దాక్కున్నవాణ్ణి కనిపెట్టేదెట్లా? తిరిగి తిరిగి మెడ నొప్పెట్టి, ఒక చెట్టు మొదట ఆగి, చెమట తుడుచుకుందామని కొంగు ముఖానికి తీసుకుంది.

అది నాంచారమ్మ కొంగు. ఏనాటి పొడుమో మడతల్లో ఉండిపోయింది. కువలయ ముక్కు జివ్వుమంది. తుమ్ము వస్తోంది. చప్పుడైతే పిట్ట చూస్తుందని ముక్కు నలిపి ఆపుకోబోయి, ఉన్నట్టుండి ఆగిపోయింది.

ఇక్కడ శ్యామలగిరి వాళ్ళ ఆచారం ఒకటి చెప్పాలి. ఇంట్లో చిన్నవాళ్ళు తుమ్మితే, రక్తం పంచుకున్న పెద్దవాళ్ళు కుడిచెయ్యెత్తి "నూరేళ్ళు" అనాలి. అనకపోతే ఆ బిడ్డ ఆయుష్షు తరిగిపోతుందని వాళ్ళ నమ్మకం. నోట్లో ముద్ద ఉన్నా, నిద్రలో ఉన్నా ఆ చెయ్యి లేస్తుంది. ఒకసారి నిండు సభలో మహారాజు కొత్త కత్తి పదును చూస్తుంటే తెరచాటున కువలయ తుమ్మింది. కత్తి ఉన్న చెయ్యే ఎత్తేశాడాయన. ఎదురుగా ఉన్న పొరుగుదేశపు రాయబారి పాగా వదిలేసి పరిగెత్తాడు! దాదులూ చెలికత్తెలూ ఎత్తకూడదు, రక్తసంబంధీకులే ఎత్తాలి. నాంచారమ్మకు అదొక తీరని దిగులు. కువలయ తల్లి సుమేధాదేవి, బిడ్డ పాలు మరవకముందే, మొక్కు తీర్చుకోవడానికి అడవికి వెళ్ళి నీలవాగు వరదలో పోయింది. చీర దొరికింది గానీ మనిషి దొరకలేదు. కాబట్టి కువలయ తుమ్ముకు చెయ్యెత్తేవాళ్ళు లోకంలో ఇద్దరే, నాన్నా, అన్నా.

అన్నయ్య ఆలోచించి ఆగగలడు. ఆలోచన లేకుండా లేచే చేతిని ఆపలేడు. పిట్టా చూస్తుంది, తనూ చూస్తుంది. ఎవరు ముందు చేరితే వాళ్ళదే.

కువలయ తుమ్మింది. చిన్నాచితకా తుమ్ము కాదు, నాంచారమ్మ పొడుం మహిమ అది. నెత్తిన మోపు ఎగిరి అవతల పడింది.

వనమంతా కదలకుండా ఉంది. ఆ కదలని వేల ఆకుల్లో, ఆమెకు పది అడుగుల దూరంలో, ఒక పచ్చని ఆకు తన ముందుకాళ్ళలో కుడిదాన్ని మెల్లగా పైకెత్తింది.

"అన్నయ్యా!" అనబోయింది కువలయ. అంతలోనే ఆగింది. ఎందుకంటే ఆ కొమ్మకు పైన, ఎండిన రెమ్మ మీద, అంచులన్నీ చిరిగి పాతబడిన ఒక ఎండుటాకు కూడా కుడిచెయ్యెత్తింది.

ఆలోచించే వ్యవధి ఎక్కడిది? ఏట్రింత రెక్కలు ముడిచి రాయిలా పచ్చాకు మీదికి దూకింది. కువలయ పరిగెత్తింది. పిట్టే ముందు చేరేలా ఉంది. అప్పుడా ఎండుటాకు చేసిన పని చూడాలి. అన్నాళ్ళూ దాక్కున్నదల్లా ఒక్కసారిగా రెండు రెక్కలూ బార్లా విప్పేసింది. పైకి మట్టిరంగే గానీ రెక్కల లోపలంతా కుంకుమ, మధ్యలో కాటుక దిద్దిన కళ్ళలా రెండు మచ్చలు. వనం మొత్తంలో ఆ ఎరుపు ఒక్కటే కనపడుతోంది. ఏట్రింత గాలిలోనే మెలి తిరిగి, పచ్చాకును వదిలేసి, ఆ ఎరుపును ముక్కున కరుచుకుంది. కోట వైపు ఎగిరిపోయింది.

కువలయ కుడి అరచెయ్యి చాచింది. పచ్చ గొల్లభామ ఒక్క క్షణం పైకి, పిట్ట పోయిన దారి చూసి, తూలుతూ ఆ చేతి మీదికి అడుగేసింది. ఎంత తేలిక! ఎండిన రావి పుల్లంత బరువైనా లేదు. కువలయకు దుఃఖం పొంగుకొచ్చింది.

"ఆకుల పిల్లవు కావు నువ్వు!" అని వెనక నుంచి పర్ణకేతుడి కేక. గొంతులో ఇందాకటి ప్రసన్నత ఏమీ లేదు. "పట్టండి!"

కొమ్మల మీది నుంచి ఆకులు రాలాయి. రాలినవి రాలినట్టే ఆమె జుట్టును, చీరను, మెడను ముళ్ళచేతులతో పట్టుకున్నాయి. కువలయ పరిగెత్తుతూనే ఉంది. అన్నిటికన్నా కష్టమేమిటంటే, చేతిలో ప్రాణంలాంటి దాన్ని పెట్టుకుని పరిగెత్తేటప్పుడు రెండో చెయ్యి దానంతటదే వచ్చి మూయబోతుంది. దీపం పట్టుకుని నడిచినవాళ్ళకెవరికైనా తెలుసు. ఒక వేరు తట్టుకుని ముందుకు తూలింది. ఎడమ చెయ్యి లేచింది. అరచేతికి అంగుళం దూరం దాకా వచ్చింది. "వద్దు" అని తన చెయ్యిని తనే గద్దించి, దాన్ని వెనక్కి లాగి కొంగులో చుట్టేసుకుంది. మోకాళ్ళు చెక్కుకుపోయినా అన్నను ఒలకనివ్వలేదు.

"దాదమ్మా, పుట్టి!"

నాంచారమ్మ అప్పటికే తెడ్డు పట్టుకుని లేచి ఉంది. కువలయ దూకగానే ఒక్క తోపు తోసింది. ఒడ్డున పర్ణకేతుడు ఆగిపోయాడు. అతని మంత్రం వాగు దాటదు. చీరకు అంటుకున్న గొల్లభామలు నీళ్ళు చూసి ఒక్కొక్కటే వెనక్కి ఎగిరిపోయాయి.

పుట్టి ఇవతలి ఒడ్డుకు తగలగానే కువలయ అరచేతి మీద మెరుపు మెరిసినట్టయింది. మరుక్షణం ఆరడుగుల మనిషి ఆమె మీద పడ్డాడు. పుట్టి సగం నీళ్ళు మింగింది.

"మెల్లగా నాయనా, మెల్లగా! ముగ్గుర్నీ ముంచుతావా ఏం?" అని తిడుతూనే నాంచారమ్మ యువరాజును గట్టిగా పట్టుకుని భోరుమంది. బుగ్గలు పీక్కుపోయాయి, ఎముకలు లెక్కపెట్టొచ్చు. కానీ కళ్ళు అమరకీర్తివే. మూటలోంచి అటుకులు తీసి బెల్లం కలిపి నోటికందించింది. అతడు ముద్ద పుచ్చుకోలేదు. వాగు అవతలికే చూస్తున్నాడు.

"ఆవిడేదీ?" అన్నాడు.

"ఎవరన్నయ్యా?"

"నా పై రెమ్మ మీద ఉండేది. నేను మొదట్లో ఊగడం కూడా చేతకాక దొరికిపోయేవాణ్ణే. ఆవిణ్ణి చూసి నేర్చుకున్నాను. గాలి ఆగాక కూడా కాస్త ఊగాలని, ఎండ మారితే మనమూ తిరగాలని. ఆకలికి ఒళ్ళు తెలియక ఈగ మీదికి చెయ్యి చాచినప్పుడల్లా, ఆవిడ నాకన్నా ముందు అందుకునేది. తినేది కాదు కువలయా. పట్టుకుని, దూరంగా విదిలించేది. ఎన్నిసార్లో! ఎవరో పుణ్యాత్మురాలనుకున్నాను." అతడు తన కుడిచేతి వైపు చూసుకున్నాడు. "ఇవాళ నువ్వు తుమ్మావు. నా చెయ్యి లేచింది. పైకి చూశాను. ఆవిడ చెయ్యీ లేచింది."

కువలయ మనసులో లెక్కపెట్టుకుంది. నాన్న సింహాసనం మీద ఉన్నాడు. అన్న ఎదురుగా ఉన్నాడు. ఇంకెవరున్నారు?

నాంచారమ్మ చేతిలోంచి అటుకులు నీళ్ళలో పడిపోయాయి. "మహాతల్లీ!" అని నెత్తి కొట్టుకుంది. "ఏటేటా తద్దినం పెట్టామే! బతికున్న ఇల్లాలికి పిండాలు పెట్టి, బ్రాహ్మలకు భోజనాలు పెట్టి... మనమంతా కడుపునిండా తిని చేతులు కడుక్కున్నామే! ఆ తల్లి అక్కడ మంచు నాక్కుంటూ..."

"అంతకాలం ఒక్క ఈగనూ నోట పెట్టలేదన్నమాట" అన్నాడు అమరకీర్తి మెల్లగా. "ఇప్పుడు పంజరంలో పడేస్తారు. నన్ను దక్కించడానికి పట్టుబడింది."

కువలయ పుట్టిలోని నీళ్ళు దోసిలితో తోడి పారబోసింది. చెదిరిన జుట్టు ముడేసుకుంది. అన్న భుజం పట్టుకుని లేపి, ఒడ్డున కూర్చోబెట్టింది. అతడు లేవబోయి, కాళ్ళు నిలవక మళ్ళీ కూలబడ్డాడు.

"ఎక్కడికే అమ్మడూ? వాడు నిన్ను చూసేశాడు! ఇక ఈ చీర, ఈ మోపు ఏవీ పనికిరావు" అంది నాంచారమ్మ, తనూ ఒడ్డుకు దిగి, పుట్టి అంచు వదలకుండా.

"తెలుసు దాదమ్మా."

"కనీసం రేపటిదాకా ఆగు తల్లీ!"

"అమ్మ ముఖం నాకు తెలీదు" అంది కువలయ, దాది వేళ్ళను ఒక్కొక్కటిగా పుట్టి అంచు నుంచి విడదీస్తూ. "ఇవాళ చెయ్యి చూశాను."

తెడ్డు నీళ్ళలో వేసి, పుట్టిని మళ్ళీ పత్రవనం వైపే తిప్పింది.